దామెర్ల రామారావు: ఎదుటనున్న దానిని చూచిన చిత్రకారుడు



రాజమహేంద్రవరమున పుట్టి ఆ యూరనే గతించిన చిత్రకారుని స్మరించుటకు ఏలూరున సభ యేల యని కొందరు మిత్రులు నన్నడిగిరి. సమాధానమునకై దూరము పోనక్కరలేదు. దామెర్ల రామారావు పేరు వినని చదువరి మన జిల్లాలలో అరుదు. ఆయన చిత్రముల యెదుట నిలిచి చూచినవారు అంతకంటె అరుదు. పేరు వ్యాపించి పని మరుగుపడుట మన దేశమున కళావిదులకు తరచుగా ప్రాప్తించు గతియే యైనను, ఈయన విషయమున ఆ మరుగు మరియొక విధముగా గూడ కలిగినది. బహుమానములు తెచ్చిన పురాణచిత్రములను పొగడి పొగడి, ఆయన నిజముగా దేనియందు సమర్థుడో దానిని మనము చూడక విడిచితిమి. మనుష్యుని ముఖమును, నేలను, నీటిని, ఆకాశమును ఉన్నవి ఉన్నట్లు పరికించి, ఆ పరిశీలనమునుండియే సౌందర్యమును రాబట్టుటయం దాయన బలమున్నదని నేను నమ్ముచున్నాను. ఈ నమ్మకమునకు గల కారణములను మీ యెదుట నుంచుటయే నేటి నా పని.

రామారావు 1897 మార్చి 8వ తేదీన జన్మించెను. తండ్రి వేంకటరమణారావు వైద్యుడు, తల్లి లక్ష్మీదేవి. ఇంగ్లీషు చదువు, దాని వెంబడి ఉద్యోగము, దాని వెంబడి గౌరవము అను మెట్లవరుస తప్ప వేరు త్రోవ కనబడని కాలమది. అట్టి కాలమున పిల్లవాడు పలకమీదను గోడలమీదను బొమ్మలు గీయుచు ప్రొద్దుపుచ్చుట పెద్దలకు ముచ్చటగొలుపు విషయము కాదు. ఆ వ్యసనమును విద్యగా గుర్తించిన వ్యక్తి మన దేశీయుడు కాకపోవుట మనము కొంచెము సిగ్గుతో ఒప్పుకొనవలసిన మాట. 1909లో రాజమహేంద్రవరపు ప్రభుత్వ కళాశాలకు ప్రిన్సిపాలుగా వచ్చిన ఆస్వాల్డ్ కూల్డ్రే కవి, కథకుడు, నీటిరంగుల చిత్రకారుడు. పదియేండ్లపా టీ గోదావరి యొడ్డున ఉండి, పాఠములు ముగిసిన పిదప శిష్యులను వెంటబెట్టుకొని ఊరి వెలుపలికి పోవుట, చెట్టును చెట్టుగా, రేవును రేవుగా చూడ నేర్పుట ఆయన యలవాటు. ఆ శిష్యబృందమున రామారావుతోపాటు వరదా వేంకటరత్నము, కవికొండల వేంకటరావు, మన భీమవరపు ప్రాంతమున సరిపల్లెలో పుట్టిన అడివి బాపిరాజు ఉండిరి. ఒక్క గురువు నీడను ఇందరు కళాకారులు పెరుగుట తెలుగుదేశమున అంతకు ముందుగాని, అటు తరువాతగాని తరచుగా జరిగినది కాదు. కూల్డ్రే తాను స్వదేశమునకు మరలిన పిదప 1924లో దక్షిణదేశపు జ్ఞాపకములను గ్రంథముగా వెలువరించెను. పరిపాలించవచ్చిన జాతివాడు గదా యని ఆయనను తృణీకరించువారు, ఆ కాలపు మన పండితులలో ఎందరు గోదావరి రేవున పెన్సిలు పట్టుకొని కూర్చుండిరో లెక్కించి చూడవలెను.

ఆ దినములలో తెలుగు గృహస్థునకు పరిచితమైన చిత్రమెట్టిదో తలచుకొనిననే గాని, రామారావు ఎంత దూరము నడిచెనో తెలియదు. పూజగదిలో రవివర్మ అచ్చుకూటమునుండి వచ్చిన లక్ష్మీసరస్వతుల పటములు. నాటక సమాజములవారు వెనుక వ్రేలాడగట్టు రాజవీథి తెర, వనము తెర, దర్బారు తెర. కొంచెము కలిగినవారి యింట, కుర్చీమీద బిగుసుకొని కూర్చుండి ప్రక్కన పూలకుండీతో తీయించుకొన్న ఛాయాచిత్రము. ఇవియే మన దృశ్యప్రపంచము. రాజా రవివర్మ 1848 మొదలు 1906 వరకు జీవించి, ఐరోపా తైలవర్ణ పద్ధతిని మన దేవతలకు తొడిగి, 1894లో బొంబాయిలో అచ్చుయంత్రము నెలకొల్పి ఆ రూపములను ఇంటింటికి పంపెను. దూరము పోవుకొలది వీథి సన్నగిలి కనబడు రీతిని మన పల్లెవాసులు మొట్టమొదట చూచినది నాటకపు తెరలమీదనే యని నా యూహ. ఆ తెరలు వ్రాసిన పనివారి పేర్లు ఎవరును వ్రాసి పెట్టలేదు. వాస్తవచిత్రణము తెలుగుదేశమునకు పండితుల గ్రంథములద్వారా గాక, కాగడాల వెలుతురున తైతక్కలాడిన గుడ్డతెరలద్వారా వచ్చినదనుట ఆ కళకు లోపము కానేరదు.

కూల్డ్రే ప్రోత్సాహమున రామారావు 1916లో బొంబాయి సర్ జె. జె. చిత్రకళాశాలలో చేరెను. రాజమహేంద్రవరమున బండి యెక్కి, హేవలాక్ వంతెన దాటి, నిడదవోలు, తాడేపల్లిగూడెము, ఏలూరు మీదుగా బెజవాడ చేరు దారి యది. మన పల్లపు నేల యంతయు ఆ పందొమ్మిదేండ్ల యువకుని కిటికీముందు గంటలకొలది సాగిపోవును. కళాశాలలో అప్పటి ప్రిన్సిపాలు సెసిల్ బర్న్స్. ఆయన తరువాత గ్లాడ్‌స్టన్ సాలమన్. అచ్చటి శిక్షణము కఠినమైనది. యవన శిల్పముల సున్నపుపోతలను ముందుంచుకొని, నెలల తరబడి వెలుగునీడలను బొగ్గుకణికతో సాధింపవలెను. పిమ్మట మడతలు పడిన వస్త్రము, పిమ్మట సజీవమైన శిరస్సు, కడపట నిండు మానవదేహము. జీవించియున్న మనిషిని ఎదుట నిలిపి అవయవసంస్థానమును అభ్యసించు తరగతిని సాలమన్ తన యేలుబడిలో ప్రారంభించి, అందుకై విమర్శలకును గురియయ్యెను. కొందరు స్వదేశాభిమానులు ఆ శిక్షణమును పరాయి విద్య యని ఈసడించిరి. కాని భుజము మెడతో కలియు చోట ఎముక ఎట్లు తిరుగునో ఎరిగిన చేతికి, ఆ యెరుక ఏ దేశపు బొమ్మకైనను పనికివచ్చును; ఎరుగని చేతికి స్వదేశాభిమానము ఎముకను సమకూర్పదు. రామారావు 1920లో అచ్చటి చదువు ముగించెను.

బొంబాయిలో ఆయనకు లభించిన స్నేహములలో గుజరాతీ చిత్రకారుడు రవిశంకర్ రావల్ స్నేహము ముఖ్యమైనది. ఆ సంబంధమున కాఠియావాడు ప్రాంతమున సంచరించి, అచ్చటి గొల్లెతలను, వారి యెర్రని వస్త్రములను, బిందెలు మోయు మెడల నిలకడను చిత్రించెను. అజంతా గుహలను గూడ దర్శించెను. అనంతరము కలకత్తా పోయి, అవనీంద్రనాథుని శిష్యకోటి సాధించుచున్న పద్ధతిని చూచెను. కాగితమును నీటిలో ముంచి, రంగును మరల మరల కడిగి, మసకమసకగా తేల్చు ఆ వంగదేశపు రీతి యప్పుడు దేశమంతట వ్యాపించుచుండెను. మన మచిలీపట్టణపు జాతీయ కళాశాలకే ప్రమోదకుమార చటోపాధ్యాయుడు వచ్చి దానిని నేర్పగా, బాపిరాజు ఆ వైపునకు మరలెను. రామారావు పూర్తిగా మరలలేదు. ఆ రీతిలోని లాలిత్యమును, అజంతాలోని రేఖను గైకొనెనుగాని, కనులయెదుట నున్న దేహపు బరువును, దానిపై పడు ఎండను వదలుకొనుట కాయన సమ్మతింపలేదు. ఈ నిరాకరణమే ఆయన వ్యక్తిత్వమని నేను తలంతును.

1922లో కలకత్తా ప్రదర్శనమున ఆయన ఋష్యశృంగ చిత్రము బహుమానము నొందెను. అడవిని తప్ప లోకము నెరుగని ముని కుమారుని అంగదేశమునకు రప్పించు వారకాంతల కథ యది. సిద్ధార్థ రాగోదయము మొదలగు చిత్రములు సముద్రము దాటి 1924 నాటి వెంబ్లీ ప్రదర్శనమున నిలిచినవి. ఈ చిత్రములందు కూర్పు నేర్పు కలదు, వర్ణౌచిత్యము కలదు, స్త్రీమూర్తుల యంగభంగిమలందు సుకుమారత కలదు. అయినను నిష్పాక్షికముగా చెప్పవలెనన్నచో, వీనిలో కథ చిత్రకారుని ముందు నడచుచున్నది. ఆయన దానిని వెంబడించుచున్నాడు. పాత్రలు తమతమ స్థానములందు సరిగా నిలిచి, చూచువానిని మెప్పించుటకు సంసిద్ధములై యున్నవి. ఆంధ్రశైలి యను బిరుదమును ఈ చిత్రములకు తగిలించి మన విమర్శకులు పొంగిపోయిరి. ఇరువదియైదేండ్ల యువకుడు వెదకుచున్న త్రోవను, గమ్యము చేరిన శైలిగా ప్రకటించుట ఆయనకు మనము చేసిన యుపకారమో అపకారమో ఆలోచింపవలసిన విషయము. పుష్పాలంకరణము, నందిపూజ వంటి చిత్రములకు వచ్చునప్పటికి మాత్రము గాలి మారినది. అందు పురాణము లేదు. మన యింటి స్త్రీలు, మన గుడి నంది, మన పూలు. చిత్రకారుడు కథను పంపివైచి తానే గృహమున ప్రవేశించెను.

రూపచిత్రముల సంగతి కొంచెము విడమరచి చెప్పెదను. మన పట్టణములందు రూపచిత్రరచన యనగా చిరకాలము ఒక వ్యాపారము. కీర్తిశేషులైన తండ్రిగారి చిన్న ఫోటోను తెచ్చి యిత్తురు. చిత్రకారుడు దానిపై గళ్లు గీసి, ఆ గళ్లనే పెద్ద గుడ్డమీద గీసి, ఒక్కొక్క గడిలోని రేఖను ఒక్కొక్క గడిలోనికి దింపును. పిదప కోటునకు మెరుగు, తలపాగాకు జరీ, ముఖమునకు గులాబి కాంతి చేర్చి, బంగారు చట్రము బిగించి అప్పగించును. పురపాలక సంఘముల భవనములందు, పాఠశాలల హాలులందు దండలు మోయుచున్న నిలువెత్తు పటములలో పెక్కింటి పుట్టుక యిదియే. ఆ పనివారిని నేను నిందింపను. ఆ వ్యాపారము లేకున్న కుంచె పట్టినవానికి ఈ జిల్లాలందు అన్నము పుట్టకపోయెడిది. అయినను ఆ పటములందు ఎదుట కూర్చున్న మనిషి లేడు. ఒక క్షణమున యంత్రము పట్టుకొన్న ముఖము మాత్రమే యున్నది. మనిషి ఎదుట గంటసేపు కూర్చుండినపుడు అలసిపోవును, ఏదో తలచుకొనును, పెదవి బిగించును, వదలును. ఆ మార్పులన్నింటినడుమ మారక నిలుచునది ఏదో దానిని పట్టుటయే రూపచిత్రకారుని సాధన. రామారావు గీసిన స్వజనుల, మిత్రుల రూపములలో ఈ సాధన ఫలించినది. భార్య సత్యవాణియే ఆయన పెక్కు స్త్రీరూపములకు ఆధారము. పరస్త్రీ చిత్రకారుని ముందు కూర్చుండుట ఊహింపరాని ఆ కాలపు రాజమహేంద్రవరమున, ఇంటి ఇల్లాలు గంటలతరబడి నిశ్చలముగా కూర్చుండి ఇచ్చిన సహకారము లేనిదే ఆ చిత్రములు పుట్టియుండవు. ఆయన చెల్లెలు దిగుమర్తి బుచ్చికృష్ణమ్మ స్వయముగా చిత్రకర్త్రి యయ్యెను. ఈ యిరువురి పాలును మన వ్యాసకర్తలు ఒక్క వాక్యమున ముగింతురు. న్యాయముగా దానికొక ప్రత్యేకోపన్యాసము చెల్లవలెను.

ఇక ప్రకృతిచిత్రములు. తూర్పుకనుమలనడుమ గోదావరిని ఆయన చిత్రించిన తీరు నాకు ఋష్యశృంగునికంటె విలువైనది. కొండలు రెండు ప్రక్కలనుండి ముందునకు వచ్చి నదిని ఇరుకునబెట్టును. ఆ యిరుకుననే వెలుతురు నీటిపై కూడుకొనును. అట్టిచోట చిత్రకారునకు ప్రకృతియే సగము కూర్పు సిద్ధము చేసి యిచ్చును. ధవళేశ్వరము దాటి క్రిందికి వచ్చినచో ఆ సాయము మాయమగును. నేల పరచిన చాపవలె చదును. కంటిని ఆపు కొండ లేదు. క్షితిజరేఖ పటమునకు అడుగున పడిపోయి, పైన మూడు వంతులు ఆకాశమే మిగులును. ఈ డెల్టాలో పుట్టిన చిత్రకారులు పలువురు కొండలకై అరకుకో, శిల్పములకై హంపీకో పోవుటకు కారణమిదియే. ఇచ్చట గీయుటకేమున్నదని వారి ప్రశ్న.

ఆ ప్రశ్నకు సమాధానము ఐరోపాలో మూడు నాలుగు వందల యేండ్లక్రితమే దొరికినది. హాలండు మనకంటె చదునైన దేశము. పదునేడవ శతాబ్దమున అచ్చటి చిత్రకారుడు రోయిస్‌డాల్ ఆకాశమునే కథానాయకునిగా జేసి, మబ్బు నీడలు పొలములపై జరుగుటయే కథగా వ్రాసెను. ఇంగ్లండులో 1776లో పుట్టిన కాన్‌స్టబుల్ పిండిమర యజమాని కుమారుడు. తండ్రి పడవలు నడచు చిన్న నది, దాని తూములు, లాకులు, గట్లు, గడ్డిబండి ఇవియే జీవితమంతయు గీసెను. 1821 నాటి ఆయన గడ్డిబండి చిత్రము మూడేండ్లకు పారిస్ ప్రదర్శనమునకు పోయి స్వర్ణపతకము గెలిచినది. లాకులు, తూములు, గట్లు! 1852లో కాటన్ దొర ఆనకట్ట పూర్తియైనది మొదలు మన ఏలూరు కాలువకు ఇంతకంటె ఏమి తక్కువ? ఈ యూరి తివాచీలను నేయు చేతులు పారసీక తోటలను ఉన్నిలో పూయించినవి. ఊరి నడుమ ప్రవహించు కాలువను పటముపై కెక్కించు చేయి మాత్రము మనకు కరవైనది.

ఇక కొల్లేరు. తమ్మిలేరు, రామిలేరు, బుడమేరు మొదలగు ఏరులు తెచ్చు నీటినంతయు తనలో చేర్చుకొని ఉప్పుటేరుద్వారా సముద్రమునకు విడుచు ఈ సరస్సు, కృష్ణా గోదావరుల డెల్టాలనడుమ పల్లముగా మిగిలిన నేలలో నిలిచిన నీరు. వానకాలమున అది హద్దులెరుగక పొంగి, లంకగ్రామములను ద్వీపములుగా జేయును. వేసవిలో కుంగి, బీటలువారిన నల్లని యొండ్రును బయటపెట్టును. ఒకే చోటును ఆషాఢమునను వైశాఖమునను గీసినవాడు రెండు దేశములను గీసినట్లే. జమ్ము గడ్డి పచ్చదనము, తాటిదోనె నలుపు, ఆటపాక గూడబాతుల మురికితెలుపు, ఫాల్గుణమున పెద్దింట్లమ్మ తిరునాళ్లకు కొల్లేటికోట చేరు జనుల చీరలు: చిత్రకారునికి ఇంకేమి కావలెను? శీతకాలపు ఉదయమున నీటికిని ఆకాశమునకును నడుమ గీత చెరిగిపోయినప్పుడు దానిని తైలవర్ణమున పట్టుట కష్టము. తడిసిన కాగితముపై నీటిరంగుననే అది సాధ్యము. రామారావు 129 నీటిరంగుల చిత్రములు వ్రాయుటలో సంపాదించిన నేర్పు అచ్చముగా ఇట్టి నేలకు కావలసిన నేర్పు. ఆయన ఎన్నుకొన్నది గోదావరి. కొల్లేరు ఇంకను తన చిత్రకారునికై ఎదురుచూచుచున్నది.

ఎదురుచూచుటకును వ్యవధి చాల లేదు. గడచిన శతాబ్దపు చివరి దశాబ్దములందు చేపల చెరువుల గట్లు సరస్సును చదరములుగా కోసినవి. 1999లో ప్రభుత్వము దానిని అభయారణ్యముగా ప్రకటించినది. 2002లో అది రామ్‌సర్ ఒడంబడికక్రింద అంతర్జాతీయ ప్రాముఖ్యము గల చిత్తడినేలల పట్టిక కెక్కినది. 2006లో యంత్రములు వచ్చి గట్లను తెగగొట్టినవి. ఇందరి జీవనోపాధులు ముడివడియున్న ఆ వివాదమును ఈ వేదికమీద తీర్చుటకు నేను సమర్థుడను కాను. చిత్రకారుని పక్షమున ఒక్క మాట మాత్రము చెప్పుదును: చెరువు గట్టుపై మేతబస్తాలు మోయు కూలివాడును వాస్తవమే. పక్షిని మాత్రము గీసి వానిని వదలినవాడు వాస్తవచిత్రకారుడు కాడు.

మరల రామారావు కథకు వత్తము. 1920లో స్వస్థలము చేరిన ఆయన పెద్ద నగరములలో స్థిరపడుటకు యత్నింపక, రాజమహేంద్రవరముననే మిత్రులతో కలిసి చిత్రకళాశాలను నెలకొల్పి, ఆసక్తితో పిల్లలకు నేర్పుచు, ప్రదర్శనములు జరుపుచు నుండెను. ఐదేండ్లైనను నిండలేదు. 1925 ఫిబ్రవరి 6వ తేదీన మశూచికము ఆయనను కొనిపోయెను. ఇరువదియెనిమిదవ యేడు పూర్తికాలేదు. ఆ వ్యాధికి టీకా అంతకు నూరేండ్లకు పైబడిన పూర్వమే కనిపెట్టబడినది; అది భూమిమీదనుండి తొలగినదని ప్రపంచారోగ్య సంస్థ ప్రకటించునప్పటికి 1980 వచ్చినది.

ఆయన విడిచిపోయినవి 34 తైలవర్ణ చిత్రములు, పైన చెప్పిన 129 నీటిరంగుల చిత్రములు, 250కి పైగా రేఖాచిత్రములు, 28 స్కెచ్ పుస్తకములు. ఈ లెక్కలో తైలవర్ణములు ఎంత కొంచెమో, స్కెచ్ పుస్తకములు ఎన్నియో గమనింపుడు. ఎక్కడకు పోయినను చేతిలో పుస్తకము, ఎదుట మనిషియో, ఎద్దో, రేవో. అవి ఎవరి మెప్పుకొరకును గీసినవి కావు. దేహశిక్షణమును, అజంతా రేఖను, కూల్డ్రే నేర్పిన చూపును ఒక్కచోట కలిపి చూడదలచినవాడు మొదట చూడవలసినవి ఆ పుస్తకములే. మిత్రుడు వరదా వేంకటరత్నము తన కళాజీవితమును చాలవరకు త్యాగము చేసి, 1963లో మరణించువరకు ఆ పాఠశాలను మోసెను. సత్యవాణి ఆ చిత్రములను అమ్ముకొనక కాపాడెను. వారిరువురు లేకున్న నేడు మనము మాటలాడుకొనుటకు పేరు తప్ప మరేమియు ఉండెడిది కాదు.

గోదావరి గట్టున ఆయన పేర వెలసిన చిత్రశాలలో ఆ సంపద యున్నది. నది గాలిలో తేమ యెక్కువ. తేమ గుడ్డను సాగదీయును, రంగుపొరపై బూజు పట్టించును, కాగితముపై మచ్చలు తెప్పించును. ఆ చిత్రములకు చల్లని పొడిగాలి గల గది, శాస్త్రము తెలిసిన సంరక్షకుడు, సరియైన రంగులలో అచ్చువేసిన సంపూర్ణ చిత్రసంపుటము కావలెను. నూరేండ్లు గడచినవి గనుక ఇక జాగు చేయుటకు ఏ నెపమును చెల్లదు.

ఏలూరునుండి, తాడేపల్లిగూడెమునుండి రాజమహేంద్రవరము రైలులో రెండు గంటల లోపలి ప్రయాణము. ఈ సభలోని ఉపాధ్యాయులకు నా ప్రార్థన యిది: మీ బడి పిల్లలను ఒకనాడు ఆ చిత్రశాలకు కొనిపోయి, ఋష్యశృంగుని చూపిన పిదప స్కెచ్ పుస్తకములను, గోదావరి దృశ్యములను గూడ అడిగి చూపింపుడు, మరునాడు అదే పిల్లలకు తలా ఒక పెన్సిలు, నాలుగు కాగితములు ఇచ్చి కొల్లేటి గట్టున కూర్చుండబెట్టుడు. కలిగినవారికి నా ప్రార్థన: తండ్రిగారి ఫోటోను పెంచి వ్రాయించుటకు ముందు, తల్లిగారు ఇంకను ఉన్నచో, ఈ యూరి చిత్రకారుని పిలిచి ఆమెను ఎదుట కూర్చుండబెట్టి వ్రాయింపుడు, ఆ శ్రమకు తగిన వెల యిండు.